లైట్‌హౌస్ మధ్యలో ఆ గొట్టం దేనికి?

ప్రశ్న: దీపం ఆపేసిన పాత రేవు లైట్‌హౌస్‌లో మెట్ల నడుమ పైనుంచి కిందిదాకా బోలు గొట్టం ఉంది. ఎందుకు పెట్టారు? దాన్నిబట్టి స్తంభం వయసు తెలుస్తుందా?

జవాబు: బరువులు దిగడానికి. కరెంటు రాకముందు లెన్సును తిప్పింది గడియారం తరహా యంత్రమే. తాడుకు వేలాడే ఇనుప దిమ్మలు ఆ గొట్టంలో మెల్లగా దిగుతుంటే పళ్లచక్రాలు తిరిగేవి. అవి అడుగుకు చేరేలోపు కాపలాదారు హ్యాండిల్ తిప్పి మళ్లీ పైకి చుట్టాలి. స్తంభం పొట్టిదైతే రాత్రంతా ఇదే పని. కనుక అది ఒకప్పుడు తిరిగే దీపమేనని దాదాపు ఖాయంగా అనుకోవచ్చు.

వయసు కోసం దీపపు గదికి వెళ్లాలి. గాజు ముక్కలను వలయాలుగా పేర్చి వెలుగును దూరానికి పంపే ఫ్రెనెల్ లెన్సు మొదట వెలిగింది 1823లో, ఫ్రాన్సులోని కోర్దువాన్ లైట్‌హౌస్‌లో. కనుక అలాంటి లెన్సు ఉంటే అది ఆ తర్వాతిదే. లెన్సు ఇంకా ఉంటే దాని పరిమాణపు తరగతి తెలియడానికి దీపం నడిమి నుంచి గాజు లోపలి అంచుదాకా కొలవండి. 920 మి.మీ. వస్తే మొదటి తరగతి, 500 అయితే మూడోది, 250 అయితే నాలుగోది, 150 అయితే ఆరోది. అంకె పెరిగేకొద్దీ లెన్సు చిన్నది; రేవులకు సాధారణంగా నాలుగు నుంచి ఆరో తరగతి దాకా ఉన్న చిన్నవే చాలు. పీఠంలో గుండ్రటి తొట్టి కనిపిస్తే లెన్సు పాదరసం మీద తేలేదన్నమాట. ఆ పద్ధతి 1890లలో వచ్చింది.

ఇక్కడ జాగ్రత్త! నేల పగుళ్లలో వెండిరంగు బొట్లు కనిపిస్తే చీపురు, వ్యాక్యూమ్ క్లీనర్ వాడొద్దు. బొట్లు ఇంకా చిన్నవై ఆవిరి పెరుగుతుంది, ఆ ఆవిరి విషం. బయటికి వచ్చేసి, తెలిసినవాళ్లను పిలవండి.

ప్రశ్న: ఎత్తు చాలకే ఇలాంటివి మూసేశారంటారు. నిజమేనా?

జవాబు: చాలాసార్లు కాదు. దీపం ఎత్తు, చూసేవారి కంటి ఎత్తు మీటర్లలో తీసుకుని, రెండింటి వర్గమూలాలు కలిపి 2.08తో గుణిస్తే దీపం ఎంత దూరం నుంచి కనిపించగలదో నాటికల్ మైళ్లలో వస్తుంది. 16 మీటర్ల దీపం, 4 మీటర్ల కన్ను అయితే సుమారు 12.5 మైళ్లు. రేవుకు అది ధారాళం. అసలు కారణాలు వేరు. అలల అడ్డుగోడను సముద్రంలోకి పొడిగించాక దీపం ఆ కొసన ఉండాలి. వెనక ఊరి విద్యుద్దీపాలు పెరిగేకొద్దీ పాత వెలుగు వాటిలో కలిసిపోయి ఏది ఏదో తెలియదు. కాపలాదారు అవసరం తగ్గడమూ తోడైంది: స్వీడన్ ఇంజనీరు గుస్తాఫ్ డాలెన్ తయారుచేసిన కవాటంలో నల్లటి కడ్డీ పగటి వెలుతురు పీల్చి సాగి గ్యాసును ఆపేది, చీకటి పడగానే కుదించుకుని వదిలేది. దానితోపాటు గ్యాసు దీపాలపై చేసిన పనికి 1912లో ఆయనకు భౌతికశాస్త్ర నోబెల్ వచ్చింది. గదిలో సన్నటి గ్యాసు పైపులు మిగిలి ఉంటే, చివరి ఏళ్లలో ఆ దీపం మనిషి లేకుండానే వెలిగి ఉండొచ్చు.