ఆ గుడ్డు పెంకు పూర్తిగా తీయనివ్వాల్సింది

అమ్మాయ్,

నీ అంగన్‌వాడీ డాక్యుమెంటరీ చూశాను. గుమ్మం ముందు చిన్న చెప్పుల షాట్ బాగుంది. గుడ్డు షాట్ దగ్గరికొచ్చేసరికి ఒళ్ళు మండింది. గళ్ళ గౌను పాప ఉడికిన గుడ్డు పెంకు తీస్తోంది. నేలకేసి కొట్టింది, గోటితో గీకింది, రాకపోతే పక్కపిల్లాడి కంచంలోకి చూసింది. అంతే, కట్ చేసి వేపచెట్టు చూపించావు. దాని మీద వేణువు, ఆపైన "బాల్యమంటే తెల్ల కాగితం" అంటూ నీ గొంతు. ఇంతకీ ఆ పాపకి పెంకు వచ్చిందా?

మూడేళ్ళ పిల్లకి గుడ్డు ఒలవడం చిన్న పని కాదు. పిల్ల మొదలుపెట్టిన పనిని పిల్లే ముగించాలి, అప్పటిదాకా కెమెరా ఆపకూడదు. ఈ ఒక్క విషయంలో నేను మొండివాణ్ణి.

1978లో హెర్జ్ ఫ్రాంక్ అనే లాత్వియా దర్శకుడు బొమ్మలాట చూస్తున్న ఓ పసివాడి ముఖాన్ని 10 నిమిషాలు ఒకే షాట్‌లో తీయించాడు. వ్యాఖ్యానం లేదు. బొమ్మలు మనకు కనపడనే కనపడవు. భయం, నవ్వు, ఏడుపు అన్నీ ఆ ముఖంలోనే. అదీ ఫిల్ము రోజుల్లో. 35 ఎం.ఎం. 1000 అడుగుల రీలు 11 నిమిషాలకే అయిపోయేది. మెమరీ కార్డు పెట్టుకుని నీకెందుకు తొందర? మన వైపు సినిమాయే కావాలంటే, మదనపల్లె దగ్గరి రిషి వ్యాలీ స్కూల్లో డేవిడ్ మెక్‌డూగల్ అనే డాక్యుమెంటరీ దర్శకుడు తీసి 2007లో విడుదల చేసిన సినిమా చూడు. అంతా పొడుగాటి షాట్లే.

టేపుల రోజుల్లో నేనూ ఓ పల్లెటూరి బడిని తీశాను. ఒక పిల్లాడు పలక కడిగి, ఎండలో ఊపి ఊపి ఆరబెట్టే షాట్ ఉండేది. చానెల్ పెద్దమనిషి చూసి "ఏడుపు షాట్ ఒక్కటీ లేదేంటండీ?" అన్నాడు. దాన్ని నాలుగు ముక్కలు చేసి, మధ్యలో యాంకర్‌ని పెట్టి వేశాడు. డబ్బుల కోసం వాళ్ళ రిసెప్షన్‌లో ఎన్నిసార్లు కూర్చున్నానో! ఇప్పుడు రీల్స్ వాళ్ళను చూస్తే ఆయనే నయమనిపిస్తోంది. అక్కడ పిల్లలు ముద్దుగా ఉండడం తప్ప ఇంకేమీ చేయరు.

ఇంకో మాట. ఆ ట్రైపాడ్ పక్కన పడేసి నేల మీద కూర్చో. నీ సినిమాలో సగం నడినెత్తులే. నేను కెమెరా ఒళ్ళో పెట్టుకుని తీసేవాణ్ణి. మొదట్లో పిల్లలు లెన్సు మీద వేళ్ళు పెట్టేవారు, నా కళ్ళజోడు లాగేవారు. కొన్నాళ్ళకు నేనంటే విసుగొచ్చి వదిలేశారు. నాకు కావాల్సింది ఆ విసుగే. అమ్మానాన్నలు సంతకం పెట్టినా, ఆ పూట పిల్ల మొహం తిప్పుకుంటే కెమెరా దించెయ్యాలి.

ఏ కెమెరా కొనాలి, ఏ ఫెస్టివల్‌కి పంపాలి అన్నావు. తర్వాత చూద్దాం.

రెండో సినిమా బాలసదనంలో తీస్తానన్నావు. 2015 నాటి జువెనైల్ జస్టిస్ చట్టం 74వ సెక్షన్ ప్రకారం అలాంటి పిల్లల పేరు, ఊరు, బడి, ఫొటో ఏదీ బయటపెట్టకూడదు. పిల్లలకు మేలనుకుంటేనే బాలల సంక్షేమ కమిటీ రాతపూర్వకంగా కారణం చెప్పి అనుమతిస్తుంది. ముందు వాళ్ళను కలిసి రా. స్క్రిప్టు సంగతి అప్పుడు మాట్లాడదాం.