సుమ గారు ఇన్నేళ్ళు యాంకర్‌గా ఎలా నిలబడగలిగారు?

గలగలా మాట్లాడేవాళ్ళు చాలామందే ఉన్నారు, సుమ కనకాల గారే ఇన్నేళ్ళు ఎలా నిలిచారని అడిగారు. ఎదుటివాళ్ళు చెప్పేది వింటారు కాబట్టి అంటాను. ఆ సంగతి నాకు మైకు పట్టుకున్నాకే తెలిసింది.

మా కాలనీలో సంక్రాంతికి ముగ్గుల పోటీ అయ్యాక ఆడవాళ్ళకి ఆటలు పెడతాం. ఆ ఏడాది మైకు నాకిచ్చారు. ఒకావిడ స్టేజీ ఎక్కి, "మాది పలాస దగ్గర పల్లెటూరండీ, పెళ్ళయ్యాక నలుగురి ముందు మాట్లాడ్డం ఇదే మొదలు" అంది. నేను "ఓకే అండీ" అనేసి కాగితంలో ఉన్న తర్వాతి ప్రశ్న చదివాను. ఆవిడ ముఖం చిన్నబోయింది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఈటీవీలో 'స్టార్ మహిళ' అప్పటిదాకా అమ్మ పక్కన కూర్చుని ఊరికే చూసేదాన్ని. ఆ తర్వాత పట్టిపట్టి చూశాను. ఆటలు చిన్నచిన్నవే, ఇట్టే అయిపోయేవి. అసలు సందడంతా వాటి ముందు కబుర్లలో ఉండేది. ఊరేది, పిల్లలేం చదువుతున్నారు, ఇంట్లో వంకాయ ఎలా వండుతారు... వచ్చినావిడ ఏ మాట అంటే దాన్నే పట్టుకుని సుమ గారు ఇంకో ప్రశ్న అల్లేవారు. బెరుకుగా ఉన్నావిడ రెండు నిమిషాల్లో అత్తగారి మీద ఫిర్యాదులు కూడా చెప్పేసేది! ఆ షో పదేళ్ళకు పైగా, రెండు వేల ఎపిసోడ్లు దాటి నడిచిందంటే ఆ కబుర్ల వల్లే.

పైగా ఆవిడ పుట్టింది కేరళలోని పాలక్కాడ్‌లో. ఇంటి భాష మలయాళం. మనింటి ఆడపడుచులా తెలుగులో ఆట పట్టిస్తుంటే ఆ సంగతే గుర్తు రాదు. 1996లో 'కల్యాణ ప్రాప్తిరస్తు'లో హీరోయిన్‌గా చేశారు, సీరియళ్ళు చేశారు. సినిమాల్లోనే ఉండిపోయి ఉంటే మా అమ్మలాంటివాళ్ళకి మధ్యాహ్నాలు బోసిపోయేవి. తర్వాత 'క్యాష్', 'సుమ అడ్డా'లకి సినిమావాళ్ళు వచ్చారు. వాటిలోనూ నవ్వుకున్నాను కానీ, నా మనసు మాత్రం 'స్టార్ మహిళ' దగ్గరే ఉంది.

మరుసటి సంక్రాంతికి ఆ పలాస ఆవిడని నేనే వెళ్ళి పిలిచాను. కాగితం ఇంట్లో వదిలేసి, "మీ ఊళ్ళో జీడిపప్పు ఎలా ఒలుస్తారండీ?" అని అడిగాను. చేతులు తిప్పుతూ ఎంతసేపు చెప్పిందో! ఆ రోజు తాడాటకి టైమే మిగల్లేదు.