కడచూపుకు ఎవరు వస్తారు? – ఒక యువ రచయితకు లేఖ

ప్రియమైన మిత్రునికి,

మీ సూపర్‌హీరో కథ రాతప్రతి అందింది. పోరాట ఘట్టాల గురించి నేను చెప్పవలసిందేమీ లేదు, అవి మీకు బాగానే పట్టుబడ్డాయి. ఈ లేఖంతా మీ చివరి అధ్యాయం గురించే. వీరుడు నేలకొరిగాడు, అంత్యక్రియలు జరుగుతున్నాయి, అక్కడికి వచ్చినవారి పేర్లను మీరు ఒక పేజీ పొడవునా రాసుకుంటూ వెళ్ళారు. తల్లి, ప్రాణస్నేహితుడు, మేయర్, పోలీసు అధికారి, ఒకప్పుడు అతను మంటల్లోంచి బయటికి తెచ్చిన కుటుంబం, తోటి వీరులు, వారి వెంట వచ్చినవారు. పేజీ పూర్తయ్యేసరికి అది హాజరుపట్టీలా తయారైంది. ఎవరెవరు వచ్చారో తెలిసింది గాని, ఏ బంధం వాళ్ళను అక్కడికి రప్పించిందో తెలియలేదు.

అంత్యక్రియల్లో నిలబడిన ప్రతి మనిషీ పోయినవాడి జీవితానికి ఒక సాక్షి అని నేను అనుకుంటాను. ఆ సాక్ష్యం నోటితో చెప్పనక్కరలేదు. ఎక్కడ నిలబడ్డాడు, ఎవరి పక్కన నిలబడ్డాడు, ఎవరి కంట పడకుండా నిలబడ్డాడు అన్నదే చాలా చెబుతుంది. అలా చెప్పడానికి ఏమీ లేని మనిషిని, ఎంత ముఖ్య పాత్ర అయినా సరే, ఆ పూట ఇంటి దగ్గరే ఉంచేయడం మేలు.

2019లో వచ్చిన ‘అవెంజర్స్: ఎండ్‌గేమ్’లో టోనీ స్టార్క్, అంటే ఐరన్ మ్యాన్, అంత్యక్రియలు మీరు చూసే ఉంటారు. మరోసారి, ఈసారి ధ్వని ఆపేసి, కేవలం మనుషులు నిలబడిన వరసను గమనిస్తూ చూడండి. సరస్సు ఒడ్డున ఉన్న ఆ ఇంటి ముందు భార్య పెప్పర్ ఒక పూలచక్రాన్ని నీళ్ళలోకి వదులుతుంది. దాని మధ్యలో అతని ఛాతీలో వెలిగిన మొదటి యంత్రం ఉంటుంది. టోనీ స్టార్క్‌కీ ఒక గుండె ఉందనడానికి ఇదే రుజువు అన్న అర్థంలో ఆమే 2008 నాటి తొలి చిత్రం ‘ఐరన్ మ్యాన్’లో చెక్కించి, సగం వేళాకోళంగా అతనికి కానుకిచ్చిన వస్తువు అది. అక్కడి నుంచి కెమెరా వెనక్కి కదులుతుంది. ముందు భార్య, కూతురు, ఏళ్ళ తరబడి వెన్నంటి ఉన్న హ్యాపీ, రోడీ, కలహించుకుని మళ్ళీ కలిసిన స్టీవ్ (కెప్టెన్ అమెరికా). వాళ్ళ వెనక చిన్న చిన్న గుంపులుగా మిగతావారు. అందరికంటే చివరన, ఇంటి వసారాలో, నిక్ ఫ్యూరీ. తొలి చిత్రం ముగిశాక టోనీ ఇంటికి వచ్చి, ఈ లోకంలో వీరుడివి నువ్వొక్కడివే కాదని చెప్పి ఈ కథనంతా మొదలుపెట్టిన మనిషి అతనే. వరస చివర అతన్ని నిలబెట్టడంలో పదకొండేళ్ళ లెక్క ఒకటి చెల్లిపోయింది, అందుకోసం ఒక్క మాటయినా ఖర్చు కాలేదు.

ఈ వరసలో నన్ను బాగా ఆకట్టుకున్నవారు ముందు వరసలోనివారు కాదు, మధ్యలో ఉన్నవారు. తోటి వీరుడు క్లింట్ బార్టన్ తన భార్యాబిడ్డలతో నిలబడతాడు. ప్రతినాయకుడు థానోస్ ఒక్క చిటికెతో సగం ప్రాణులను బూడిద చేసినప్పుడు మాయమై, ఆ బిడ్డలు ఐదేళ్ళపాటు ఈ లోకంలోనే లేరు. టోనీ కాలప్రయాణానికి దారి కనిపెట్టకపోతే వాళ్ళు తిరిగి వచ్చేవారు కాదు. నల్లబట్టలు కట్టుకుని అక్కడ ఊరికే నిలబడి ఉండటమే వాళ్ళు ఇవ్వగలిగిన సాక్ష్యం. పీటర్ పార్కర్ (స్పైడర్ మ్యాన్) సంగతీ అంతే. 2018 నాటి ‘అవెంజర్స్: ఇన్ఫినిటీ వార్’లో టోనీ చేతుల్లోనే బూడిదై రాలిపోయిన కుర్రవాడు ఇప్పుడు టోనీని సాగనంపడానికి వచ్చాడు. ఇక మాంత్రికుడు డాక్టర్ స్ట్రేంజ్‌ను చూడండి. 1,40,00,605 భవిష్యత్తులను చూసి, గెలుపు ఒక్కదానిలోనే ఉందని తెలుసుకున్నవాడు. ఆ గెలుపుకు వెల ఎవరి ప్రాణమో ముందే తెలిసి, యుద్ధభూమిలో ఒక్క వేలు ఎత్తి చూపించి ఊరుకున్నవాడు. పరామర్శకు వచ్చినవారిలో ఈ చావు ముందే తెలిసిన మనిషి ఒకడున్నాడన్న సంగతిని సినిమా ఎత్తి చూపదు, అతన్ని అందరి మధ్యా నిలబెట్టి ముందుకు సాగిపోతుంది. మీరు నవల రాస్తున్నారు కాబట్టి మీకు ఆ తొందర లేదు. అలాంటి మనిషి మీ కథలో ఉంటే, ఆ అధ్యాయమంతా అతని కళ్ళతో రాయవచ్చు. పోయినవాడి బిడ్డ ముఖంలోకి అతను చూడగలిగాడా, చూడలేక తల తిప్పుకున్నాడా అన్నది ఒక్కటే చాలు.

ఆ దృశ్యంలో నాకు అంతగా రుచించనివీ ఉన్నాయి. ఒంటరిగా నిలబడిన ఒక యువకుడి మీదుగా కెమెరా సాగుతుంది. అతను 2013 నాటి ‘ఐరన్ మ్యాన్ 3’లో టోనీకి సాయపడిన బాలుడు హార్లీ, ఆనాటి నటుడు టై సింప్‌కిన్సే పెరిగి పెద్దవాడై మళ్ళీ వచ్చాడు. అతన్ని రప్పించాలన్న ఆలోచన చక్కనిది. లోకానికి తెలియని ఒక చిన్న ఉపకారాన్ని గుర్తుపెట్టుకుని వచ్చిన మనిషి వందమంది ప్రముఖుల పెట్టు. కానీ ఆరేళ్ళలో ముఖం మారిపోయింది, చాలామంది ప్రేక్షకులు పోల్చుకోలేక, దుఃఖంలో మునిగి ఉండవలసిన క్షణంలో ‘ఎవరీ అబ్బాయి?’ అని పక్కవాళ్ళను అడిగారు. సినిమాకు ముఖమొక్కటే ఆధారం. మీకు అక్షరాలున్నాయి, ఆ కుర్రవాడి చేతిలో పాఠకుడు పోల్చుకోగల వస్తువు ఒకటి పెట్టండి, పేరు చెప్పే అవసరమే రాదు. రెండవది, మంత్రి రాస్ రాక. వీరులను చట్టంతో కట్టడి చేసి, అక్కడ నిలబడ్డవారిలో కొందరిని ఒకప్పుడు జైల్లో పెట్టించిన అధికారి ఆయన. ప్రభుత్వం తన ప్రతినిధిని పంపడం సహజమే. అయితే ఆ రాక వల్ల పక్కవాళ్ళలో ఎవరికైనా ఒళ్ళు మండిందా, ఆయనకు ఏమైనా సిగ్గు కలిగిందా అన్నది తెలియకపోతే, ఆయన వచ్చినా రాకపోయినా ఒకటే. మీ మేయర్‌కు పట్టిన లోపమూ సరిగ్గా ఇదే.

అక్కడ ఎవరూ ప్రసంగించరన్న సంగతి కూడా గమనించండి. పోయినవాడే ముందుగా రికార్డు చేసుకున్న సందేశం ద్వారా తనవాళ్ళతో మాట్లాడేశాడు, ఇక మిగతావాళ్ళకు మాటలు మిగల్లేదు. మీరు మేయర్ చేత రెండు పేజీల శ్రద్ధాంజలి చదివించారు. ఆ ప్రసంగంలో ఉన్నదంతా పాఠకుడు మొదటి అధ్యాయాల్లోనే కళ్ళారా చూసినది. ప్రసంగం తప్పనిసరి అయితే, అది వింటున్న ఎవరికో ఒకరికి ఏదైనా కొత్తగా తెలియాలి. 2016లో వచ్చిన ‘కెప్టెన్ అమెరికా: సివిల్ వార్’లో స్టీవ్ ఒకనాటి ప్రియురాలు పెగ్గీ కార్టర్ అంత్యక్రియల్లో మాట్లాడటానికి లేచిన యువతి పెగ్గీకి మేనకోడలని స్టీవ్‌కు ఆ క్షణంలోనే తెలుస్తుంది. ఒకే వాక్యం శ్రద్ధాంజలిగానూ, కథలో మలుపుగానూ పనిచేస్తుంది.

ఇక రానివారి సంగతి. నా దృష్టిలో వచ్చినవారి కంటే వీళ్ళే ముఖ్యం, మీ రాతప్రతిలో రానివారంటూ ఒక్కరూ లేకపోవడం నాకు పెద్ద కొరతగా తోచింది. 2022లో వచ్చిన ‘బ్లాక్ పాంథర్: వాకాండా ఫరెవర్’ వాకాండా దేశపు రాజు టిచాలా అంత్యక్రియలతోనే మొదలవుతుంది. ఆ పాత్ర వేసిన చాడ్విక్ బోస్‌మన్ 2020 ఆగస్టులో నిజంగానే కన్నుమూశాడు కాబట్టి, తెర మీది దుఃఖం సగం నటన కాదు. దేశమంతా తెల్లబట్టలు కట్టుకుని ఊరేగింపుగా కదిలింది, అతను ప్రేమించిన నకియా మాత్రం రాలేదు. ఎందుకు రాలేదన్న ప్రశ్న సినిమా అంతటా లోలోపల పనిచేస్తూ ఉండి, ముగింపు తర్వాత ఆమె పెంచుతున్న బిడ్డ కనిపించినప్పుడు గాని జవాబు దొరకదు. ఒక మనిషి రాకపోవడం అంత పెద్ద రహస్యాన్ని రెండున్నర గంటలకు పైగా మోయగలిగింది. 2012 నాటి ‘ది అమేజింగ్ స్పైడర్ మ్యాన్’లో ప్రియురాలు గ్వెన్ తండ్రి అంత్యక్రియలకు పీటర్ రాడు. ఆమె వానలో అతని ఇంటికి వెళ్ళి, అందరూ వచ్చారు, నువ్వు తప్ప అని నిలదీస్తుంది. తన కూతురికి దూరంగా ఉండమని చావుబతుకుల్లో ఉన్న ఆ తండ్రే మాట తీసుకున్నాడని ఆమెకు అక్కడ అర్థమవుతుంది. రావాలని ఉండీ రాలేనివారు వేరు. 2013 నాటి రెండవ థోర్ చిత్రంలో పెంచిన తల్లి పోయిన వార్త థోర్ తమ్ముడు లోకికి చెరసాలలో ఒక భటుడి నోట తెలుస్తుంది, అతనికి కడచూపు దక్కదు. అందువల్లనే ఆ మరణం అతని చేత తరువాత చేయించే పనుల్ని మనం నమ్ముతాం.

అసలు అంత్యక్రియలే దక్కనివారు మరో రకం, ఇక్కడ మీరు మరింత జాగ్రత్తగా ఉండాలి. టోనీ చనిపోయిన చిత్రంలోనే తోటి వీరురాలు నటాషా కూడా ప్రాణం అర్పించింది. ఆమె దేహం ఎక్కడో పరాయి గ్రహం మీద ఉండిపోయింది, తోటివారు నీటి ఒడ్డున కాసేపు కూర్చుని బాధపడ్డారు, కథ ముందుకు పరుగెత్తింది. ఒకరికి అంత పెద్ద వీడ్కోలు, మరొకరికి ఏమీ లేకపోవడం చాలామంది ప్రేక్షకులకు కష్టం కలిగించింది, అది న్యాయమైన ఫిర్యాదేనని నేనూ అంటాను. 2021లో ఆమె మారుపేరు ‘బ్లాక్ విడో’తో వచ్చిన చిత్రం చివర చెల్లెలు సమాధి దగ్గరకు వెళుతుంది గాని, అది ఆలస్యంగా వచ్చిన ఓదార్పు. కథలో ఎవరికి ఎంత వీడ్కోలు ఇస్తామన్నది వారి త్యాగానికి రచయిత కట్టిన విలువగానే పాఠకుడు చదువుకుంటాడు, సమయం చాలలేదన్న సంజాయిషీ అతనికి పట్టదు. మీ కథలో ఏడవ అధ్యాయంలో సొరంగంలో చనిపోయిన శాస్త్రవేత్తను మీరు అప్పుడే మరచిపోయారు. వీరుడి అంత్యక్రియలకు ఆమె కొడుకు వచ్చి, అమ్మకు ఇలాంటిది జరగలేదని ఒక్కమాట అంటే, ఆ అధ్యాయం బరువే మారిపోతుంది.

మీ రాతప్రతిలో తర్కానికి నిలవని చోటు ఒకటుంది. మీ వీరుడు చివరిదాకా ముసుగు తీయలేదు, అతనెవరో తల్లికీ స్నేహితుడికీ తప్ప ఎవరికీ తెలియదు. అయినా నగరమంతా, తల్లీ ఒకే శవపేటిక ముందు నిలబడ్డారు. ఎలా? నగరం సాగనంపేది ముసుగును, తల్లి సాగనంపేది కొడుకును. ఈ చిక్కును 2016 నాటి ‘బ్యాట్‌మ్యాన్ వర్సెస్ సూపర్‌మ్యాన్’ రెండు అంత్యక్రియలతో విడదీసింది. సైనిక లాంఛనాలతో సాగిన పేటిక ఖాళీది, అసలు దేహం పల్లెలో క్లార్క్ కెంట్ అన్న మామూలు పేరుతో మట్టిలో కలిసింది, అక్కడ బ్రూస్ (బ్యాట్‌మ్యాన్), డయానా (వండర్ ఉమన్) కాస్త దూరంగా నిలబడ్డారు. 2012 నాటి ‘ది డార్క్ నైట్ రైజెస్’ ఇంకా పొదుపుగా ఉంటుంది. నగరం బ్యాట్‌మ్యాన్‌కు విగ్రహం ఆవిష్కరించుకుంటుంది, బ్రూస్ వేన్ సమాధి దగ్గర నిలబడినవారు నలుగురే. నగరాన్ని కాపాడినవాడికి నలుగురు. ఆ నలుగురిలో అతన్ని చిన్ననాటి నుంచి పెంచిన సేవకుడు ఆల్ఫ్రెడ్ ఒక్కడు బ్రూస్ తల్లిదండ్రుల సమాధి వైపు తిరిగి, మీ బిడ్డను కాపాడలేకపోయానని ఏడుస్తాడు. నన్ను అడిగితే సరస్సు ఒడ్డు గుంపు కంటే ఈ నలుగురి దృశ్యమే గట్టిది, అయితే పెద్ద గుంపులంటే నాకు మొదటినుంచీ కొంత అనుమానం ఉందని కూడా మీరు లెక్కలో వేసుకోవాలి.

గుంపు రావడానికి న్యాయం ఉన్న సందర్భం ఒకటి మాత్రం నేను మరచిపోలేను. 2017 నాటి రెండవ ‘గార్డియన్స్ ఆఫ్ ది గెలాక్సీ’లో అంతరిక్ష దొంగ యోండును అతని ముఠా ఏనాడో వెలివేసింది. నువ్వు చచ్చినా మా నౌకల దీపాలు నీకోసం వెలగవని నాయకుడు మొహం మీదే చెప్పాడు. పెంచిన కొడుకు కోసం యోండు ప్రాణమిచ్చాక, సహచరుడు రాకెట్ పంపిన కబురు అందుకుని ఆ నౌకలన్నీ వస్తాయి, రంగురంగుల వెలుగులతో ఆకాశం నిండిపోతుంది. అక్కడ ఎంతమంది వచ్చారన్నది ముఖ్యం కాదు, రాబోమని ఒట్టేసినవాళ్ళు వచ్చారు. రావడమే తీర్పును తిరగరాయడం. మీ పోలీసు అధికారికి ఇలాంటి అవకాశం ఉంది. నాలుగవ అధ్యాయంలో వీరుణ్ణి నేరస్థుడని పత్రికల ముందు ప్రకటించింది ఆయనే కదా. మీరు ఆయన్ని మేయర్ పక్కన కుర్చీలో కూర్చోబెట్టి వదిలేశారు. యూనిఫారంలో వస్తాడా, మామూలు బట్టల్లో వస్తాడా? తల్లి అతన్ని గుర్తుపట్టి ఏమంటుంది? ఏమీ అనకపోతే, అతను అక్కడ ఎంతసేపు నిలబడగలడు?

తోటి వీరుల విషయం త్వరగా తేల్చేస్తాను. పది మందినీ తీసుకురావద్దు, ఇద్దరు చాలు, ఆ ఇద్దరిలో ఒకరు అతనితో గొడవపడి మాటలు మానేసినవారైతే మంచిది. సినిమాలో పెద్ద తారలందరినీ ఒకచోటికి రప్పించడమే ఒక సంబరం. పైన చెప్పిన సరస్సు దృశ్యాన్ని రహస్యం బయటపడకుండా పెళ్ళి ఘట్టమన్న పేరుతో చిత్రీకరించారు, ఆ తారలను ఒకే చట్రంలో చూడటం కోసమే ప్రేక్షకుడు సగం ఎదురుచూశాడు. కాగితం మీద ఆ సంబరం ఉండదు, పేరు ఎంత పెద్దదైనా మరో పేరే.

తిరగరాసేటప్పుడు పేర్ల పేజీని పూర్తిగా పక్కన పెట్టి, తల్లి, పోలీసు అధికారి, శాస్త్రవేత్త కొడుకు, ఈ ముగ్గురితోనే మొదలుపెట్టండి. ప్రాణస్నేహితుణ్ణి రానివ్వకండి. ఆ రాత్రి వంతెన మీదికి వీరుణ్ణి పిలిచింది అతనే కాబట్టి, అతను ఎక్కడున్నాడో తల్లి అడగాలి, జవాబు తెలిసిన అధికారి ఆమెకు చెప్పాలా వద్దా అని తడబడాలి. ఆ ఘట్టం వరకు రాసి పంపండి, మేయర్ ప్రసంగం గురించి అప్పుడు మాట్లాడుకుందాం.

శుభాకాంక్షలతో,
మీ శ్రేయోభిలాషి