కొయ్యపై కాల్చి బొమ్మలు వేయడానికి ఏ పెన్ను కొనాలి?

ప్రశ్న: కొయ్య పలకలపై కాల్చి బొమ్మలు వేయడం నేర్చుకోవాలనుకుంటున్నాను. ఇంట్లో మావారి పాత సోల్డరింగ్ ఐరన్ ఉంది. ఆన్‌లైన్‌లో అరవై ముక్కల కిట్టు కూడా చూశాను. దేనితో మొదలుపెట్టమంటారు?
– ఒక పాఠకురాలు, తెనాలి

జవాబు: పాత సోల్డరింగ్ ఐరన్‌ను ఈ పనికి వాడవద్దు. దాని మొనకు అంటుకున్న సోల్డరులో, అంటే తీగలను అతికించే లోహంలో, సీసం ఉండవచ్చు. పైగా పట్టుకునే చోటు మొనకు చాలా దూరంగా ఉండటం వల్ల సన్నని గీత చేతికి లొంగదు.

ఈ కళకు వాడే పెన్నులు రెండు రకాలు. మొదటి రకంలో ఇత్తడి మొనను మరతో బిగిస్తారు. అది వేడెక్కడానికి కొన్ని నిమిషాలు పడుతుంది, మొన మార్చాలంటే పూర్తిగా చల్లారే వరకు ఆగాలి. రెండో రకంలో నిక్రోమ్ (నికెల్, క్రోమియం కలిసిన లోహం) తీగే మొన. విడిగా ఉండే పెట్టె నుంచి కరెంటు అందుకొని క్షణాల్లో వేడెక్కుతుంది, కానీ ధర బాగా ఎక్కువ. మీకు ప్రస్తుతానికి మొదటి రకం చాలు. అయితే వేడిని తగ్గించి పెంచే మీట ఉన్నదే తీసుకోండి. గీత లేత గోధుమ రంగులో రావడమో నల్లబడటమో వేడిని బట్టి, చేతి వేగాన్ని బట్టి ఉంటుంది కనుక, మీట లేని పెన్నుతో చేయి ఆగిన ప్రతిచోటా మచ్చ పడి, తప్పు మీ చేతిదే అనిపిస్తుంది.

అరవై ముక్కల్లో చాలావరకు అచ్చులు, స్టెన్సిళ్లే ఉంటాయి. గీతలకు కత్తి అంచులాంటిది, రాతకూ చుక్కలకూ గుండ్రటిది, నీడలకు చెంచాలాంటిది – ఈ మూడు మొనలతో చాలాకాలం గడిచిపోతుంది.

మిగిలిన డబ్బు కొయ్యకు పెట్టండి. కొండపల్లి బొమ్మల తెల్లపొణికి మరీ మెత్తన, మొన దిగబడుతుంది. ఏటికొప్పాక బొమ్మలకు వాడే అంకుడు కర్ర లేత రంగులో, సన్నని పోగుతో ఉంటుంది, దొరికితే వదలకండి. టేకులో నూనె ఎక్కువ, రంగూ ముదురే కనుక ఈ పనికి అంతగా నప్పదు. ఎం.డి.ఎఫ్. పలకను (చెక్క పీచును జిగురుతో అదిమి చేసేది), వార్నిష్ వేసిన చెక్కను, పురుగులను చంపే విషవాయువు మిథైల్ బ్రోమైడ్ పట్టించారని తెలిపే ‘ఎం.బి.’ ముద్ర ఉన్న ప్యాకింగు చెక్కను ఎట్టి పరిస్థితిలోనూ కాల్చవద్దు. మంచి కొయ్య పొగ కూడా ఊపిరితిత్తులకు మేలు చేయదు కాబట్టి కిటికీ పక్కన కూర్చొని, పొగను మీ ముఖం నుంచి బయటికి లాగేటట్లు చిన్న ఫ్యాను పెట్టుకోండి. గాలి నేరుగా మొనకు తగిలితే మాత్రం అది చల్లబడుతుంది.

తొలిరోజు బొమ్మ జోలికి పోకుండా, 220 నంబరు గరుకు కాగితంతో రుద్దిన పనికిరాని ముక్కపై మీటలోని ఒక్కో అంకె దగ్గర ఒక్కో గీత గీసి, పక్కనే ఆ అంకెను పెన్సిలుతో రాసి ఉంచుకోండి.