ఎర్ర పైకప్పును ప్రింటు వేసి చూడండి

ఎర్ర రంగు పూసిన పైకప్పు, మధ్యలో ఒక బల్బు, దాన్ని చేరుకునే మూడు తెల్ల తీగలు తప్ప పెద్దగా ఏమీ లేని, అమెరికన్ ఫోటోగ్రాఫరు విలియం ఎగల్‌స్టన్ ఫోటోకు అంత పేరెందుకని, అలాంటిది మనమూ తీయలేమా అని మీరు అడిగారు. తీయగలరు. ప్రింటు వేయగలరా?

తొంభైల్లో నేను విజయవాడలోని ఒక కలర్ ల్యాబ్‌లో ప్రింటర్‌గా పనిచేశాను. ఒకసారి, ఎర్ర పట్టుచీర కట్టుకున్న పెళ్లికూతురిని ఎర్ర వెల్వెట్ తెర ముందు నిలబెట్టి తీసిన నెగటివ్ వచ్చింది. మొదటి ప్రింటులో కుచ్చిళ్లన్నీ కలిసిపోయి కుంకుమ ముద్దలా తయారయ్యాయి. చీర ఎక్కడ ముగిసి తెర ఎక్కడ మొదలైందో తెలియలేదు. నెగటివ్ నుంచి ప్రింటు వేసేటప్పుడు ఏ రంగు ఫిల్టరు పెంచితే ప్రింటులో ఆ రంగు తగ్గుతుంది. అలా ఎల్లో, మెజెంటా (ముదురు గులాబీ) ఫిల్టర్లు పెంచి ఎరుపు తగ్గిస్తే, అమ్మాయి ముఖం నీలిపచ్చగా పాలిపోయి జ్వరం పడి లేచినట్టు కనిపించింది. ఆరు కాగితాలు పాడయ్యాక వాటి ఖరీదును యజమాని నా జీతంలో కోశాడు. ఎర్ర తెర కట్టించిన ఫోటోగ్రాఫరును మాత్రం ఎవరూ పల్లెత్తు మాట అనలేదు.

ఏళ్ల తర్వాత ఒక పుస్తకంలో, ఎగల్‌స్టన్ 1973లో మిసిసిపీలోని గ్రీన్‌వుడ్‌లో తీసిన ఆ పైకప్పును చూసి చాలాసేపు పేజీ తిప్పలేకపోయాను. అది డై ట్రాన్స్‌ఫర్ పద్ధతిలో వేసిన ప్రింటు. పెడనలో అద్దకం వాళ్లు ఒక్కో రంగుకు ఒక్కో అచ్చు వాడినట్టే, ఇందులోనూ చిత్రాన్ని మూడు రంగుల వాటాలుగా విడదీసి, ఒక్కో వాటాకు జెలటిన్ పూత ఉన్న అచ్చు ఫిల్మును తయారుచేసి, వాటిని సయాన్ (నీలిపచ్చ), మెజెంటా, ఎల్లో రంగుల్లో ముంచి, ఒకే కాగితంపై వెంట్రుకవాసి తేడా రాకుండా ఒకదాని తర్వాత ఒకటి అద్దుతారు. అందువల్ల ఏ రంగును ఎంత పెంచాలో విడివిడిగా నిర్ణయించుకోవచ్చు. అప్పట్లో ఇది ఎక్కువగా వ్యాపార ప్రకటనలకు వాడే ఖరీదైన పద్ధతి. కళ అంటే నలుపు తెలుపేనని పెద్దలు తీర్మానించిన రోజులవి. 1976లో న్యూయార్క్‌లోని మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్ ఎగల్‌స్టన్ రంగుల ఫోటోలను ప్రదర్శించినప్పుడు, అవి చప్పగా ఉన్నాయని విమర్శకులు తీసిపారేశారు. వాళ్లలో ఒక్కరైనా డార్క్‌రూమ్‌లో ఎరుపుతో కుస్తీ పట్టి ఉంటే అలా రాసేవారు కాదని నా గట్టి నమ్మకం.

దయచేసి ఈ ఫోటోను ఫోనులో చూసి తీర్పు చెప్పకండి, ఒక్కో ఫోను ఒక్కో ఎరుపు చూపిస్తుంది. మంచి ప్రింటు దొరికితే ముందుగా ఆ తీగలను చూడండి. అంత ఎరుపు మధ్య కూడా అవి తెల్లగానే ఉన్నాయి. మా పెళ్లికూతురి జడలోని మల్లెలు ఆరు ప్రింట్లలో ఒక్కదానిలోనూ తెల్లగా రాలేదు.