పంతొమ్మిదేళ్ల పైలట్

ప్రశ్న: మా అబ్బాయికి 19 ఏళ్లు. ఎయిర్‌ఫోర్స్ అంటున్నాడు, నాకేమో టెన్షన్. మొదటి ప్రపంచయుద్ధంలో ఆ వయసు భారతీయుడు యుద్ధవిమానం నడిపాడట, నిజమేనా?
– ఒక తల్లి, కావలి

జవాబు: నిజమేనమ్మా. పేరు ఇంద్రలాల్ రాయ్, 1898లో కలకత్తాలో పుట్టాడు. కంటిచూపు చాలదని మొదట తిప్పి పంపేశారు. తన మోటార్‌ సైకిల్ అమ్మి, ఆ డబ్బుతో పెద్ద కంటి డాక్టర్‌కు చూపించుకుని మళ్లీ వెళ్లాడు. ఒంగోలులో చరిత్ర పాఠం చెప్పే రోజుల్లో, ఈ మాట దగ్గర నాకు గొంతు పట్టేసేది. 1918 జులైలో రెండు వారాల్లోపే పది వైమానిక విజయాలు. అదే నెల 22న ఫ్రాన్స్‌లో, ఆకాశంలో జరిగిన పోరులో నేలకూలాడు. సమాధి అక్కడే, దాని మీద బెంగాలీ అక్షరాలు కూడా ఉన్నాయి. మీ భయం న్యాయమైనదే. అయినా బాబుకు ముందు కంటి పరీక్ష చేయించండమ్మా.