దండ వద్దు, కోమా చాలు

పాలకొల్లు,
ఆదివారం

అమ్మాయీ,

నీ కవరు సోమవారం అందింది. ఇరవై రెండు పేజీలూ రెండుసార్లు చదివాను, రెండోసారి ఎర్రపెన్ను పట్టుకుని. రాయడం నీకు వచ్చు. టీవీ సీరియళ్ళలో వేషాలు వేసిన మీ పెదనాన్నగారి గురించి రాయడం మాత్రం ఇంకా రాలేదు. కోపం తెచ్చుకోకుండా చదువు.

మొదటి నాలుగు పేజీలు కొట్టేశాను. కొబ్బరిచెట్లు, కాలవగట్టు, వశిష్ఠ మీద పొద్దుగూకడం అయ్యాక ఒక జాబితా: రేలంగిది రావులపాడు, అల్లు రామలింగయ్యది మా పాలకొల్లు, ఎస్వీ రంగారావూ అంజలీదేవీ కాకినాడ యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్బులో నాటకాలాడారు. అన్నీ నిజాలే. మా ఊరి పేరు ఎక్కడ కనపడ్డా నాకు సంతోషమే. కానీ వాళ్ళు మద్రాసు రైలెక్కినవాళ్ళు. మీ పెదనాన్న అమలాపురంలో రాత్రి బస్సెక్కి హైదరాబాదు వెళ్ళినాయన. అమలాపురానికి ఇప్పటికీ రైలు లేదు. దారి వేరు, కాలం వేరు, కూలి వేరు. అంతటి వాళ్ళ పక్కన నిలబెట్టి ఆయన్ని నువ్వే పొట్టివాణ్ణి చేశావు. ఆ పోలిక ఆయన అడిగింది కాదు.

ఆయన కాలాన్ని రాయి. హైదరాబాదు దూరదర్శన్ 1977లో వచ్చింది. ఆ రోజుల్లో సీరియల్ అంటే వారానికొకటి, పదమూడు వారాల్లో సరి. వేషం కట్టేవాడికి తను చివరికి ఏమవుతాడో ముందే తెలిసేది. 1995లో జెమిని, ఈటీవీ వచ్చాయి. ఆ తర్వాత రోజువారీ సీరియళ్ళు పెరిగాయి, కథకి చివర అన్నది లేకుండా పోయింది. సోమవారం కోడల్ని కూతురిలా చూసుకునే మామగారు, నెల తిరక్కుండా పాలల్లో ఏదో కలుపుతుంటాడు. ఎందుకు కలుపుతున్నాడో ఆ సీరియళ్ళు రాసిన నాకే తెలిసేది కాదు, ఆ పై వారం తెలిసేది. అలాంటి మనిషిని ఎలా నటించాలి? నాతో పదేళ్ళు పనిచేసిన ఒకాయన్ని అడిగితే, "ఏ సీన్లోనూ పూర్తిగా నవ్వనండి మాస్టారూ, కాస్త దాచుకుంటాను. రేపు చెడ్డవాణ్ణి చేస్తే అక్కరకొస్తుంది" అన్నాడు. నేను విన్న నటన పాఠాల్లో ఇంత పనికొచ్చేది ఇంకోటి లేదు. మీ పెదనాన్నకీ ఇలాంటి కిటుకు ఒకటి ఉండే ఉంటుంది. నీ ఇరవై రెండు పేజీల్లో ఎక్కడా లేదు.

పరిషత్తు నాటకాల పోటీల్లో గెలిచిన షీల్డుల గురించి బాగా రాశావు, అది ఉంచు. అయితే గంట నాటకానికి నెలల తరబడి రిహార్సల్ వేసిన మనిషి, పొద్దున సెట్లో చేతికొచ్చిన కాగితం చూసి మధ్యాహ్నానికి నాలుగు సీన్లు ఎలా చేశారో అడిగావా? చేసేది ప్రాంప్టింగ్ మీద. కెమెరా పక్కన అసిస్టెంటు కుర్రాడు మాట అందిస్తుంటాడు, మనవాడు విని చెప్తుంటాడు. వినే మొహం కనపడకూడదు, చెప్పే మొహమే కనపడాలి. పద్యం ఎత్తుకుంటే హరిశ్చంద్ర కాటి సీను ఆఖరి వరసదాకా వినపడ్డ గొంతు అది. దాన్ని గదిలో పక్కమనిషికి సరిపడేంత చేసుకోవడానికి ఆయనకి ఎన్నాళ్ళు పట్టిందో రాయి. ఒక అధ్యాయం పెట్టు దానికి.

ఇంకోటి, నిలబడడం. సీరియల్లో క్యారెక్టర్ ఆర్టిస్టు చేసే పనిలో సగం హాల్లో నిలబడడమే. హీరోయిన్ మూడు నిమిషాలు ఏడుస్తుంది, ఎనిమిదిమంది చుట్టూ నిలబడి చూస్తారు. ఆమె వెళ్ళిపోయాక, లైట్లు తీసేలోపు, డైరెక్టరు వరసగా ఒక్కొక్కరి మీదికీ కెమెరా తిప్పి "ఒక ఆశ్చర్యం, ఒక కోపం, ఒక జాలి ఇచ్చేయండి బాబాయ్" అంటాడు. ఇచ్చేస్తారు. ఆ కోపం ఎవరి మీదో టీవీలో చూసుకుంటేనే తెలుస్తుంది. నవ్వకు. శూన్యంలోకి చూసి కోపం తెచ్చుకుని, అది పదిరకాల చోట్ల అతికేలా కొలిచి ఇవ్వడం చేతకానివాళ్ళు ఎందరో మధ్యాహ్నం బస్సుకి ఇంటికి పోయారు.

నర్సాపురం రేవులో గోదారి దాటించే పంటు మీద ఆడవాళ్ళు ఆయన్ని గుర్తుపట్టి "ఆ పిల్లని అంత ఏడిపిస్తావేంటయ్యా" అని తిట్టిన ముచ్చటకి మూడు పేజీలు పోశావు. విలన్ వేషాలు వేసిన ప్రతివాడికీ ఉన్న ముచ్చటే అది. ఒక వాక్యం చాలు. ఆ మూడు పేజీలూ తీసుకెళ్ళి, నువ్వు ఒక్క వాక్యంలో దాటేసిన చోట పెట్టు: "ఎకరం చేను కౌలుకిచ్చారు." అమ్మాయీ, నీ మొత్తం రాతలో నా గుండె ఆగింది అక్కడ. కాల్షీటు, అంటే షూటింగుకి పిలుపు, నెలలో ఎన్ని రోజులుండేది, చెక్కు ఎన్నాళ్ళకి వచ్చేది, ఆ మధ్యలో కిరాణా కొట్టు ఖాతా ఎవరు మోశారు? సార్వాకీ దాళ్వాకీ, రెండు వరి పంటలకీ, కౌలు బస్తాలు ఇంటికి రాబట్టే కదా ఆయన హైదరాబాదు కృష్ణానగర్లో అద్దెగదిలో ఉండగలిగింది? డబ్బు సంగతి ఆయన్ని అడిగితే పద్యం పాడి తప్పించుకుంటారు. మీ పెద్దమ్మని అడుగు. ఆవిడకి రూపాయితో సహా గుర్తుంటుంది.

బట్టల పెట్టె కూడా చూడు. హీరో హీరోయిన్లకి కంపెనీ కుట్టిస్తుంది. తండ్రులూ పూజార్లూ మునసబులూ చాలామంది సొంత పంచెలూ చొక్కాలూ మోసుకొచ్చుకునేవాళ్ళే. ఒక సీనుకి వేసిన చొక్కా, ఆ సీను మిగతా ముక్క ఎప్పుడు తీస్తే అప్పుడు అదే ఉండాలి. అందుకని మంచి చొక్కా ఒకటి పెళ్ళికి కూడా వేసుకోకుండా పెట్టెలో మగ్గుతుంటుంది.

ఇక యాస. ఇది నా పుండు, కాస్త ఎక్కువ గోకుతాను. నువ్వు ఆయన చేత ప్రతి మాటకీ ముందు "ఆయ్" అనిపించావు. సీరియల్ వాళ్ళు మన్ని చేసిన పనే మన పిల్లవి నువ్వూ చేశావు. ఒకసారి నేను కోనసీమ పెద్దమనిషి పాత్రకి ఎంతో ఇష్టంగా డైలాగులు రాసుకెళ్తే, నిర్మాత చదివి "గోదారి ఏదండీ ఇందులో? ఆయ్ తగిలించండి" అన్నాడు. తగిలించాను, ఇంటద్దె కట్టాలి. ఆ పాపం నాదే. నిజానికి "ఆయ్" అన్నది జవాబు. పెద్దవాళ్ళు ఏదైనా చెప్పాక, విన్నానండీ అలాగేనండీ అని చెప్పడానికి, పొట్టిగా, సగం ఊపిరితో వస్తుంది. ఎవరూ అడక్కుండా గాల్లోకి పుట్టదు. "అండీ" అంతకంటే చిత్రం. మనవాళ్ళు తిట్టేటప్పుడు కూడా దాన్ని వదలరు. "తమరికి బుద్ధుందాండీ?" అని మావయ్య అల్లుణ్ణి అడిగితే, ఆ "అండీ"లోనే ఉంటుంది దెబ్బ. గోదారి లంకలో కూలికెళ్ళేవాడి "ఎల్లొస్తానండి"కీ అగ్రహారం అరుగు మీది "వెళ్ళొస్తానండీ"కీ మధ్య ఎంత దూరముందో మీ పెదనాన్నకి తెలుసు. ఆయన వేషాలు చూశాను కదా, కాగితం మీద మేం రాసిన పిచ్చి ఆయ్‌లని మింగేసి, ఒక చోట మాత్రం సరిగ్గా వదిలేవారు. ఆ చోటు ఏదో వెతికి పట్టుకో.

2020 మార్చిలో షూటింగులు ఆగిపోయి ఆయన ఇంటికొచ్చేసిన రోజులు నువ్వు కళ్ళారా చూసినవి. ఛానళ్ళు పాత ఎపిసోడ్లు వేస్తుంటే, ఎప్పుడో చచ్చిపోయిన పాత్ర మళ్ళీ బతికొచ్చి హాల్లో తిరుగుతుంటే, వాలుకుర్చీలో కూర్చుని ఆయన ఏమన్నారు? రాయలేదు నువ్వు. వాటికి మళ్ళీ పైసా ఏమైనా వచ్చిందా, అదీ అడుగు.

చచ్చిపోవడం అంటే గుర్తొచ్చింది. నేను ఒకాయన్ని చంపాను. రేటింగు పడిపోయింది, ఇంట్లో పెద్దదిక్కు పోతే సెంటిమెంటు పండుతుందని రాత్రి పదకొండింటికి ఫోను. పొద్దున్నకల్లా సీను కావాలి. రాసేశాను. ఆ మనిషికి చెప్పాల్సిన పని నాది కాదని పడుకున్నాను. మర్నాడు కాస్ట్యూమ్ కుర్రాడు ఆయన్ని "మంచి ఫోటో ఒకటి తెస్తారా, పెద్ద సైజుది" అని అడిగాడట. ఈ పనిలో ఉన్నవాళ్ళకి ఆ మాటకి అర్థం చెప్పక్కర్లేదు. సాయంత్రం ఆ నటుడు నాకు ఫోను చేశాడు. అరవలేదు. "కోమాలో పెట్టండి మాస్టారూ. దండ వద్దు" అన్నాడు. కోమా అయితే మళ్ళీ లేవొచ్చు కదా. నేను సరే చూద్దామన్నాను, చూడలేదు. ఆ ఫోటో దండతో సహా ఏడాది పైగా ఆ హాలు గోడకే ఉంది. దాని ముందు దీపం పెట్టి హీరోయిన్ రోజూ ఏడ్చేది. ఫోటోకి కాల్షీటు ఉండదు. వాళ్ళావిడ ఆ సమయానికి టీవీ కట్టేసి పెరట్లోకి వెళ్ళిపోయేదని ఎవరో చెబితే విన్నాను. ఆయన తర్వాత ఎక్కడ కనపడ్డా నమస్కారం పెట్టేవాడు. నేనే ముందు పెట్టాల్సింది.

మీ పెదనాన్నకి ఎన్ని దండలు పడ్డాయో లెక్క కనుక్కో. సానుభూతి మొహం పెట్టకుండా, వరి బస్తాల లెక్క అడిగినట్టు అడుగు. ఆయన నవ్వుతూ చెబితే నవ్వుతూనే రాయి. "వెండితెర దక్కని నటుడు" అని శీర్షిక పెట్టావు చూడు, అది కొట్టేశాను. ఆయన వెండితెర అడిగినట్టు నీ రాతలో ఎక్కడా లేదు.

ఈసారి కాగితానికి ఒక పక్కే రాయి, అక్షరం కాస్త పెద్దది చెయ్యి, శుక్లం ముదిరింది నాకు. పోస్టులో పంపకు, నువ్వే తీసుకురా. సఖినేటిపల్లి రేవు మీదుగా వస్తే ఆయన్ని కూడా పంటు ఎక్కించుకుని రావచ్చు. మధ్యాహ్నం మాత్రం వద్దు, పడుకుంటాను.

ఆశీస్సులతో,
మీ మాస్టారు